తుడిచిన సుక్క

12 మే 2022

ఇయ్యాల మమత బిడ్డకు సుక్క పెట్టిన. పుట్టిన ఇరవై ఒకటో దినం. ఆమె మొగడు కమలాకర్ కొత్త చొక్కా ఏసుకొని వచ్చిండు. మమత అత్త పాలు, బెల్లం తెచ్చింది. వరుసలమ్మ బండ ముంగట పిల్లను ఒళ్లె పెట్టుకొని కూసున్నరు. నేను ఎప్పటి తీర్గనే కథ చెప్పిన. బాపు ఎట్ల చెప్పేటోడో అట్లనే, ఒక్క మాట తప్పకుంట.

మొదట్ల సుక్కలకు పేర్లు లేవు, వరుస లేదు. జొన్నలు ఒలికినట్టు ఆకాశమంత చెల్లాచెదరు. ఒకదాని జాగల ఇంకోటి దూరేది, ఒకదాన్నొకటి తన్నుకునేటివి. వరుసలమ్మ గుట్టెక్కి కూసొని ఒక్కొక్కదానికి పేరు పెట్టి పిలిచింది. పిల్లలకోడి అన్నది, ఆరు సుక్కలు గుంపుగొచ్చి ముడుసుకొని కూసున్నయి. గొల్లకావడి అన్నది, మూడొచ్చి తిన్నగ నిలబడ్డయి. మంచంకోళ్లు అన్నది, నాలుగు మూలలకు నాలుగు పోయినయి. పిలిస్తె "ఉన్న" అని పలికినదానికి జాగ ఇచ్చింది. పలకనిదాన్ని కొంగుతోని తుడిచింది. ఆకాశంల నడుమ నడుమ నల్లగ కనపడేటివి అవ్వే.

ఈ కథ చెప్తుంటె పెద్దోళ్లు గూడ నోరు మూసుకొని ఇంటరు.

పిల్ల చెవుల పేరు చెప్పి, కమలాకర్ వాళ్లింటి వరుస చివరికి సున్నం సుక్క పెట్టిన. ఊర్ల పుట్టిన ప్రతి మనిషికి ఈ నల్లబండ మీద ఒక సుక్క. మనిషి పోతె సుక్క సుట్టు ఎర్రటి జాజుతోని గుండ్రం. ఏటా పుష్యమాసం అమాస నాడు పొద్దుగూకంగ అందరి పేర్లు పిలుసుడు, అందరు "ఉన్న" అనుడు. బాపు కండ్లకు పొరలొచ్చిన కాడి నుంచి, ఆరేండ్ల సంది, పెట్టేది నేనే, పిలిచేది నేనే. ఇదంత నాకు తెల్వనిదా, ఎందుకు రాస్తున్ననో. రాస్తుంటె మంచిగనిపిస్తది.

పోయేటప్పుడు మమత అడిగింది. "అక్కా, సుమన రాలేదా?"

"కంపెనీల లీవ్ దొరకలేదంట."

నా చెల్లె సుమన జడ్చర్లల మందుల కంపెనీల చేస్తది. రెండు నెలలాయె ఇంటికి రాక. వచ్చినప్పుడు జర తిట్టాలె.

28 మే

ఇస్రాయేలు సున్నం తెచ్చిండు. వాళ్ల తాత కాలం సంది బండకు సున్నం వాళ్ల ఇంటి నుంచే వస్తది. ఊరవుతలి వాడోళ్ల సుక్కలు బండ మీద లేవు, మొదటి సంది లేవు. సున్నం మాత్రం వాళ్లదే. ఎప్పటి లెక్కనే, వాళ్లు దాటని హద్దురాయి మీద పెట్టి నిలబడ్డడు.

"మీ సుమన పని మంచిగ చేస్తదంటమ్మా. సూపర్‌వైజర్‌ను చేస్తరంట" అన్నడు.

నాకు తెల్వని ముచ్చట ఈయనకెట్ల తెల్సు? వాళ్ల నవీన్‌కుమార్ గూడ అదే కంపెనీ అని తర్వాత యాదికొచ్చింది.

14 జూన్

పొద్దున పదిన్నరకు ఫోన్ చేసింది.

"అక్కా, నేను చెప్పేది జర నిమ్మలంగ ఇను."

"చెప్పు."

"నిన్న షాద్‌నగర్ల రిజిస్టర్ మ్యారేజ్ చేసుకున్నం. నేను, నవీన్."

"ఏ నవీన్?"

నాకు తెల్సని దానికి తెల్సు. అయినా అడిగిన. ఆ తండ్రి పేరు దాని నోటి నుంచే రావాలె.

"ఇస్రాయేలు కొడుకు."

"ఓ."

"ఓ ఏంది అక్కా? తిట్టరాదు. నువ్వు తిడుతవనే ఫోన్ చేసిన. తిట్టినంక ఏడుస్తవ్, ఏడ్సినంక రమ్మంటవ్ అనుకున్న."

"కిరాయి రూము తీసుకున్నరా?"

"తీసుకున్నం. చిన్నది."

"సరే, ఉండు" అని పెట్టేసిన.

అమ్మ పోయినప్పుడు దానికి రెండేండ్లు, నాకు పందొమ్మిది. కట్టంగూరు సంబంధం ఖాయమై ఉండె. నేనే ఒద్దన్న. ఎవ్వరు ఒద్దనుమని చెప్పలే, నేనే అన్న. సంకనేసుకొని నీళ్లకు పోయిన, సంకనేసుకొని కలుపుకు పోయిన. నా నడుముకు ఎడమ దిక్కు ఇప్పటికి వంపు ఉంటది. ఇదేదో గొప్పకు రాస్తలేను. అయిందని రాస్తున్న.

బాపుకు అన్నం పెట్టేటప్పుడు చెప్పిన. కొంచెం సేపు ముద్ద చేతులనే పట్టుకున్నడు. "పిల్లగాడు మంచోడేనా?" అని అడిగిండు. అంతే అడిగిండు.

15 జూన్

ఏం రాయబుద్ధి అయితలేదు.

19 జూన్

ఊరు కూసున్నది. భిక్షపతి పెద్దనాయిన ఇంటి ముంగట. తుడవాల్సిందే అన్నరు. వరుస దాటినదాన్ని ఉంచితె రేపు అందరు దాటుతరు అన్నరు. బాపు ఒద్దన్నడు. "నేను బతికుండంగ నా బిడ్డ సుక్క ముట్టొద్దు" అన్నడు. కని ఊరి మాట కాదంటె ఎట్ల? నేను ఒక్కదాన్ని, నేనేం చేస్త.

పొద్దు ఇంకా ఉండంగనే తడిబట్ట తీసుకొని పోయిన. మూడుసార్లు రుద్దినా పోలే. ఏటేటా మీదికెల్లి సున్నం పెట్టుడుతోని గట్టిగ బిళ్ల కట్టింది. మిగిలినోళ్ల సుక్కల కన్న అది జర పెద్దగ ఉంటది. పెట్టిన దినం బాపు చేతిలకెల్లి పుల్ల గుంజుకొని నేనే పెట్టిన, అందుకే. కొడవలి మొనతోని గీకాల్సి వచ్చింది.

బండ మా ఇంటి పక్కనే గద, బాపు మంచంలకెల్లి ఇన్నడు. "ఏం గీకుతున్నవ్ బిడ్డా?"

"నాచు పట్టింది బాపు."

ఇగ దాని పేరు ఇండ్ల రాయ.

2 ఆగస్టు

ఆమె రోజుకు రెండుసార్లు ఫోన్ చేస్తుండె. నా దాంట్ల బ్లాక్ చేసిన. అప్పటి సంది బాపు ఫోన్‌కు చేసుడు మొదలువెట్టింది. బాపు ఫోన్ల సిమ్ము తీసి డబ్బాల పెట్టిన.

బాపు ఫోన్ చెవికి పెట్టుకొని వాకిట్ల కూసుంటడు. "ఏందే, కుయ్ అంటలేదు" అంటడు.

"టవర్ పోయింది బాపు. అందరిది గట్లనే ఉన్నది."

"ఎన్నడొస్తదట?"

"చేస్తున్నరట."

రోడ్డుమీద పోయేటోళ్లను ఆపి, "మీకు టవర్ వచ్చిందా అయ్యా?" అని అడుగుతడు. నిన్న కమలాకర్ "టవర్‌కేమైంది తాతా?" అనబోయిండు. నేను లోపలికెల్లి ఉరిమి చూసిన. మాట ఆపి, వచ్చిన బండి మీదనే మెల్లగ పోయిండు.

ఈ వయసుల బాపుకు ఫికర్ పెట్టొద్దు. అందుకే చేసిన.

11 అక్టోబర్

నెల రోజుల సంది బాపు ఫోన్ అడుగుతలేడు. మర్చిపోయిండు. మంచిగైంది.

18 డిసెంబర్

ఇస్రాయేలు వచ్చిండు. సున్నం తెచ్చిండు. తెస్తడనుకోలే. హద్దురాయి మీద పెట్టి పోకుంట నిలబడ్డడు.

"ఏంది?" అన్న.

"కోడలుకు ఐదో నెలమ్మా."

నేను ఇంటి దిక్కు తిరిగిన.

"అన్నం పోతలేదు. ఏం తిన్నా కక్కుతాంది. మా ఇంటామె సుక్కమ్మ ఏందేందో వండిపెట్టింది. నిన్న ఏడ్సుకుంట అన్నదంట, మా అక్క పెట్టిన చింతకాయ తొక్కు ఉంటె తింటుంటిని అని. నవీన్ ఒద్దన్నడు, అడగొద్దన్నడు. నేనే వచ్చిన. జర ఇంత ఆకుల కట్టియ్యమ్మా. నేను వచ్చినట్టు గూడ ఎవ్వరికి చెప్ప."

ముసలాయన. నా బాపు కన్న ఆరేడేండ్లు చిన్నుంటడేమో. తువ్వాల తీసి చేతుల పట్టుకున్నడు.

లోపలికి పోయి జాడీ తెచ్చిన. పోయినేడు పెట్టిన తొక్కు, సగానికి పైననే ఉన్నది. ఆయన తువ్వాల చాపిండు. నేను జాడీ ఒంచి హద్దురాయి పక్క మోరిల పోసిన. మొత్తం పోసేదాక నిలబడ్డ. ఎర్రగ నీళ్లల్ల కలిసి పోయింది.

ఆయన తువ్వాల మడత పెట్టుకొని భుజం మీద ఏసుకున్నడు. "సున్నం తడవకుంట లోపల పెట్టున్రి, మబ్బు పట్టింది" అని పోయిండు.

జాడీ ఎట్లైనా కడుక్కోవాల్సే ఉండె. తొక్కు పాతదైంది.

22 జనవరి 2023

నిన్నటిది నిన్ననే రాయాల్సి ఉండె. దవాఖానల కూసొని రాస్తున్న.

అమాస. పొద్దుగూకంగ ఊరంత బండ కాడికి వచ్చింది. బాపును ఎప్పటి లెక్క పై మెట్టు మీద కుర్చీల కూసోబెట్టిన. తలపాగ నేనే సుట్టిన. గంట నా చేతిల ఉన్నది. ఒక్కొక్క ఇంటి వరుస పిలుసుకుంట వచ్చిన. కమలాకర్. ఉన్న. మమత. ఉన్న. చంటిపిల్లకు మమతనే పలికింది. అందరు నవ్విండ్రు. భిక్షపతి. ఉన్న. దుబాయికి పోయినోళ్లకు వాళ్ల అమ్మలు పలికిండ్రు. మంచిగ నడుస్తాంది.

మా ఇంటి వరుస ఆఖరుకు. గుర్వయ్య అన్న. "ఉన్న" అన్నడు బాపు. నాగరాణి అని నేనే పిలిచి నేనే పలికిన. ఇగ అయిపోయిందని గంట ఎత్తిన.

హద్దురాయి అవుతలికెల్లి, "ఉన్న" అని వినొచ్చింది.

అందరు తిరిగి చూసిండ్రు. నేను చూడలే. అయినా కనపడ్డది. లేత పచ్చ చీర, కడుపు ముందుకు, పక్కకు ఆ పిల్లగాడు.

"ఎవరు పలికింది?" అన్నడు బాపు.

"ఎవ్వరు లేరు బాపు. అయిపోయింది."

"నా చిన్నబిడ్డ గొంతు."

"బాపు, నేనే," అన్నది ఆమె. "ఉన్న బాపు."

బాపు మొఖం గట్ల ఎలగంగ నేను ఎన్నేండ్ల కింద చూసిన్నో. "మరి పిలుస్తలేవేంది నాగరాణీ? చెల్లె అంత దూరంకెల్లి వచ్చింది. పిలువు."

ఊరంత నా మొఖమే చూస్తాంది. పిలిస్తె అయిపోతుండె. రెండు నిమిషాల పని.

"సుక్క లేంది ఎట్ల పిలుస్త?" అన్న.

బాపు కుర్చీలకెల్లి లేసి బండ మీద చెయ్యి పెట్టిండు. ఆయనకు కండ్లు అక్కర్లేదు, ఆ బండ మీద యాభై ఏండ్లు చెయ్యి తిరిగింది. తన సుక్క మీద ఏలు పెట్టిండు. నా దాని మీద పెట్టిండు. పక్కకు జరిపిండు. కొడవలి గీతలల్ల ఏలు ఆగింది. అట్లనే కొంచెం సేపు రుద్దిండు.

"నాచు అన్నవ్," అన్నడు.

ఆమె "బాపూ" అని మల్ల పిలిచింది. నేను గంట కొట్టిన. ఆమె పిలుస్తున్న కొద్ది నేను కొట్టిన. పిలవని పేరుకు పలికితె వినొద్దు, అది పద్ధతి. బాపు గొంతు దిక్కు నడిచిండు. నేను గంట ఆపితె ఆయనకు మెట్లు యాదికి ఉండునేమో. ఆపలే. ఏడు మెట్లున్నయి. మూడోదాని కాడ పడ్డడు.

వాళ్లిద్దరు హద్దు దాటి ఉరికొచ్చిండ్రు. ఆ పిల్లగాడు బాపు నెత్తిని ఒళ్లె పెట్టుకున్నడు. "ముట్టొద్దు" అన్న. భిక్షపతి పెద్దనాయిన, "ముసలోడు మూలుగుతాండు, కండ్లు కనపడతలేవా నీకు గూడ?" అని మీదికొచ్చిండు. అంబులెన్సుకు ఫోన్ చేసింది ఎవరో తెల్వది.

తొంటి ఎముక ఇరిగిందంట. గుండె బలహీనంగున్నది, ఇప్పుడే ఆపరేషన్ చెయ్యొద్దన్నరు.

ఆమె రాకుంటె బాపు పడకపోతుండె. ఎవ్వర్ని అడిగినా ఇదే చెప్తరు.

25 జనవరి

బాపు నాతోని మాట్లాడుతలేడు. నొప్పికేమో. నీళ్లు తాగుతవా అంటె పలకడు. నోటి కాడ పెడితె తాగుతడు.

వార్డుల నర్సమ్మకు చెప్పిన, పేషెంటుకు నేనొక్కదాన్నే బిడ్డను, ఎవరొచ్చి ఏం చెప్పినా లోపలికి రానియ్యొద్దు అని.

28 జనవరి

బాపూ అని పిలిచిన. పలకలే. మల్ల పిలిచిన. పక్క మంచం ముసలామె, "నిద్ర పోతలేడు బిడ్డా, కండ్లు తెరిచే ఉన్నడు" అన్నది.

ఆమె మూడు దినాల సంది గేటు బయట రేకుల షెడ్డు కింద కూసుంటాందంట. వాచ్‌మన్ చెప్పిండు. ఆరో నెల మనిషి, కుర్చీ అన్న వేద్దమా అని అడిగిండు. నన్నెందుకు అడుగుతవన్న.

2 ఫిబ్రవరి

టిఫిన్‌కు కిందికి పోయిన. పది నిమిషాలు గూడ కాలే. వచ్చేసరికి ఆమె మంచం మీద కూసున్నది. బాపు చెయ్యి ఆమె కడుపు మీద ఉన్నది. బాపు మాట్లాడుతున్నడు. పదమూడు దినాల సంది నాకు ఒక్క మాట లేదు, ఆమెతోని మాట్లాడుతున్నడు. నవ్వుతున్నడు గూడ.

"తన్నిందే," అన్నడు. "ఇగో, మల్ల తన్నింది."

ఆమె నన్ను చూసి లేసింది. "అక్కా" అన్నది.

నేను వార్డు బయటికొచ్చి వాచ్‌మన్‌ను పిలిచిన. "ఈమె ఎవరో నాకు తెల్వది. మా బాపు దగ్గర కూసున్నది. కండ్లు లేని మనిషి. ఏం చేస్తదో, ఏం తీస్తదో" అన్న.

ఆమె దిక్కు చూడకుంటనే అన్న. ఆమె లొల్లి పెట్టలే. బాపు చెయ్యి మెల్లగ తీసి దుప్పటి మీద పెట్టింది. వాచ్‌మన్ చెయ్యి పట్టబోతె, "నేనే పోత అన్నా" అన్నది. నడుముకు చెయ్యి పెట్టుకొని పోయింది.

బాపు అప్పుడు పిలిచిండు. "నాగరాణీ."

ఉరికిన. "ఏంది బాపు?"

"నన్ను గూడ తుడువు."

6 ఫిబ్రవరి

బాపు తెల్లారంగ పోయిండు.

8 ఫిబ్రవరి

నిన్న మన్ను చేసినం. ఆమె వచ్చింది. నేను వాకిట్ల తలుపు పెట్టిన. లోపట పది మంది ఆడోళ్లున్నరు. ఎవ్వరు తీయుమనలే. మమత ఒక్కతి లేసి తలుపు దిక్కు పోబోయింది. చెయ్యి పట్టి కూసోబెట్టిన. బయట ఆమె తలుపు కొట్టలే. అట్లనే గడపకు నెత్తి ఆనిచ్చి కూసున్నదంట. పాడె లేపేటప్పుడు భిక్షపతి పెద్దనాయిన, "మొఖం జర చూపియ్యి బిడ్డా, ఒక్క నిమిషం" అన్నడు.

"మొఖం కట్టేసినం. ఇప్పకూడదు" అన్న.

ఇప్పొచ్చు. అందరికి తెల్సు.

పొద్దుగాల బండ కాడికి పోయిన. బాపు తుడువుమన్నడు. ఆఖరు మాట అది. తండ్రి ఆఖరు మాట తీసేస్తె బిడ్డనెట్లయిత? కొడవలి తీసుకున్న. డెబ్బైనాలుగేండ్ల సున్నం. చేతికి బొబ్బలెక్కినయి.

20 ఫిబ్రవరి

భిక్షపతి పెద్దనాయిన వచ్చిండు. బండ చూసి కిందికొచ్చి వాకిట్ల నిలబడ్డడు. కూసో అంటె కూసోలే.

"జాజు గుండ్రం ఏదే?"

"బాపు తుడువుమన్నడు. దవాఖానల, నాతోనే అన్నడు."

"నీ చెల్లెది తుడువొద్దని గూడ అన్నడు గద, పది మంది ముంగట. అప్పుడు ఇనలేవేంది?"

"ఊరు తుడువుమన్నది."

"ఏ ఊరు?" అన్నడు. "నా ఇంటి ముంగటనే గద కూసున్నం. నేనేమన్న? కాలం మారింది, నా మనుమరాలు గూడ హైదరాబాదుల ఎవర్నో చేసుకునేటట్టున్నది, ఇంటికి పోయి నిమ్మలంగ ఆలోచిద్దం అన్న. కమలాకర్ తండ్రి గదే అన్నడు. నువ్వొక్కదానివే లేసి, తుడవాల్సిందే, వరుస దాటినదాన్ని ఉంచితె రేపు అందరు దాటుతరు అన్నవ్. ఇంకెవరన్నరో ఒక్కని పేరు చెప్పు."

చెప్పాల్సిన పని ఏమున్నది.

"నీ తండ్రి నిన్ను తిట్టిండే," అన్నడు. "ఆ మాట అట్ల ఇనాలె. నువ్వు పని చెప్పినట్టు ఇన్నవ్."

పోయేటప్పుడు చెప్పులు తొడుక్కుంట కండ్లు తుడుసుకున్నడు. బాపు, ఆయన ఒక్క ఈడోళ్లు.

ఆ దినం ఊర్ల చానమంది అన్నరు. పేర్లు యాదికి లేవు. అన్నరు.

20 ఏప్రిల్

పోయిన నెల బాపు పేరు మీది చెల్క భూమి మార్పుకు తహసిల్ ఆఫీసుకు పోయిన. కుటుంబ సభ్యుల కాయిదం కావాలె. రాసే అతను అడిగిండు.

"సంతానం ఎంతమంది?"

"ఒక్కతే."

"ఆడపిల్లలు, మగపిల్లలు అందరు కలిసి?"

"ఒక్కతే అంటున్న గద."

రాసుకున్నడు. సంతకం పెట్టిన. ఆమె అడ్డం వస్తదేమో, కేసు వేస్తదేమో అనుకున్న. కొట్లాడతందుకు మాటలు గూడ తయారు చేసుకున్న. నోటీసు అతికిచ్చిన నెల దినాలల్ల ఎవ్వరు రాలే.

24 మే

ఆడపిల్ల పుట్టిందంట. పదిహేను దినాలాయె. సుక్కమ్మ వాడంత లడ్లు పంచిందంట, మమత వాళ్లకు గూడ ఇచ్చిందంట. పేరేం పెట్టిండ్రని నేను అడగలే, మమత చెప్పలే. చెప్పబోయి ఆగినట్టనిపిచ్చింది.

9 ఫిబ్రవరి 2024

అమాస. ఇస్రాయేలు సున్నం తెస్తలేడు. దుకాణంల డబ్బా సున్నం కొనుకొచ్చిన. అది బండకు పట్టుకుంటలేదు, ఎండంగనే పొడి రాలుతాంది.

పిలిచిన. పందొమ్మిది మంది వచ్చిండ్రు. రాని ఇండ్లవి గూడ పిలిచిన, పద్ధతి పద్ధతే. పిలిచి, పలికేదాక ఆగి, ఇంకోటి పిలిచిన. గట్ల ఆగుకుంట పోతె చానసేపైంది. నడుమల కొందరు లేసి పోయిండ్రు. పలకనోళ్లవి తుడవాలె. నూట తొంభై దాక ఉన్నయి. ఇయ్యాల నడుము నొస్తాంది, రేపు చూస్త.

మమతకు మల్ల కొడుకు పుట్టిండు గద, సుక్కకు ఎప్పుడు తెస్తరు అని కమలాకర్‌ను అడిగిన. "ఆధార్ తీసినం అక్కా, చాలు" అన్నడు. నవ్వుకుంటనే అన్నడు.

31 ఆగస్టు 2025

చాన దినాల సంది రాయలే. ఇయ్యాల రాయాలె. రాసినంక మల్ల చదవ.

జడ్చర్లకు పోయిన. మోకాళ్ల నొప్పులకు ఎవరో మంచి డాక్టరున్నడంటె. చూపెట్టుకొని బస్టాండు దిక్కు వస్తుంటె బజారుల ఎనకకెల్లి ఎవరో గట్టిగ పిలిచిండ్రు.

"నాగరాణీ! ఉరకకు! పడతవ్!"

నన్నే అనుకొని నిలబడ్డ. నా మోకాలికి ఒక చిన్నపిల్ల వచ్చి తాకింది. రెండేండ్లుంటయి. ఎర్ర గౌను, నెత్తిమీద పిలక. నా చీర పట్టుకొని పైకి చూసింది. నేను వంగబోయిన.

"నాగరాణీ, ఇటు రా. అట్ల ఎవరి చీరనన్న పడితె ఆ చీర పట్టుకోవద్దు."

ఆమె. సుమన.

మూడేండ్లకు పేరు రాసిన. రాయొద్దనుకున్న. చెయ్యి రాసింది.

జర లావైంది. కండ్ల కింద నలుపు. కంపెనీ ఐడీ కార్డు మెడలనే ఉన్నది. పిల్లను ఎత్తుకొని ఎడమ దిక్కు సంకనేసుకున్నది. నేను బారెడు దూరంల ఉన్న. నన్ను చూసింది. చూడనట్టు ఏం చెయ్యలే, మంచిగ, కండ్లల్లకే చూసింది. చూసి, పక్కన్నే ఉన్న గాజుల బండి దిక్కు తిరిగింది.

"ఈ పిల్ల సైజు ఉన్నయా అమ్మా?"

గాజులామె పిల్ల చెయ్యి పట్టుకొని, "నీ పేరేందే?" అన్నది.

"నాగలాణి" అన్నది పిల్ల.

గాజులామె నవ్వింది. "గింత చిన్నపిల్లకు గంత పాత పేరు పెట్టిండ్రేంది బిడ్డా? ఇప్పుడంత ఏందో కొత్త కొత్త పేర్లు పెడుతున్నరు."

"మా అక్క పేరమ్మా," అన్నది సుమన. "పోయినోళ్ల పేరే గద పెట్టుకుంటం."

"అయ్యో. ఎప్పుడు పోయింది?"

"మూడేండ్లాయె. జూన్ల."

"వయసు మనిషేనా?"

"నలభై ఒకటి."

"ఏమైంది బిడ్డా? దవాఖానకు తీస్కపోలేదా?"

"లేదు. నాకు తెల్వనియ్యలే ఎవ్వరు. ఫోన్ల మంచిగనే మాట్లాడింది. 'సరే, ఉండు' అన్నది. అంతే. గా మాటనే ఆఖరు."

ఆమె గొంతు ఏం మారలే. మార్కెట్ల కూరగాయల ధర చెప్పినట్టే చెప్పింది. పిల్లకు గాజు ఎక్కిస్తుంటె పిల్ల మూలిగింది. "అయిపోయింది, అయిపోయింది" అని దాని ఏళ్లు ఒత్తింది.

"పెద్దక్కనా?"

"అక్కంటె అక్క కాదమ్మా, అమ్మనే. రెండేండ్ల పిల్లను నేను. పెండ్లి గూడ చేసుకోలే నాకోసం. ఎక్కడికి పోయినా సంకన ఏసుకొనే పోయేది. జొరమొస్తె రాత్రంత కాళ్ల మీద పండుకోబెట్టుకునేది. అసొంటి మనిషి ఎవ్వరికి దొరకదు."

"పుణ్యాత్మురాలు," అన్నది గాజులామె. కొంగుతోని కండ్లు అద్దుకున్నది. ఎవరో తెల్వని మనిషి కోసం అద్దుకున్నది.

"సుమనా," అన్న నేను. "నేను ఈన్నే ఉన్న గదనే."

సుమన గాజులామెకు నోటు ఇచ్చి చిల్లర కోసం ఆగింది. చిల్లర పర్సుల పెట్టుకున్నది. అప్పుడు నా దిక్కు తిరిగింది. ఎంత మర్యాదగ అడిగింది!

"ఎవర్ని పిలుస్తున్నరమ్మా?"

పిల్ల కొత్త గాజులు చప్పుడు చేసి నాకు చూపెట్టింది. సుమన దాని చెయ్యి కిందికి దించి, బస్టాండు దిక్కు కాకుంట, లోపలి గల్లీల పడి పోయింది. వంపు తిరిగేదాక చూసిన. పిల్ల ఆమె భుజం మీదికెల్లి నన్నే చూసుకుంట పోయింది.

గాజులామె నన్ను చూసి, "మీకేం కావాలమ్మా?" అన్నది.

ఏం లేదన్న.